ఒట్టి తునకలకు ‘తక్కువ వేడి’ అంటే ఎంతో రాయండి

సంపాదకులకు నమస్కారం.

వానలు మొదలయ్యాక వంటల పేజీల్లో ఓవెన్‌లో ఒట్టి తునకలు, అంటే ఎండబెట్టిన మాంసం ముక్కలు, చేసుకునే పద్ధతి తరచూ వస్తోంది. రాయలసీమ వాళ్లు ఉప్పుకండలు అనేవీ, అమెరికాలో జెర్కీ పేరుతో అమ్మేవీ దాదాపు ఇదే కోవలోవి. మేడ మీద ఎండ లేదు, అపార్ట్‌మెంట్లో దండెం కట్టే చోటు లేదు, ఇంట్లో ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంది. కాబట్టి అందులో చేసుకుందామనుకోవడం సబబే. ఇబ్బందల్లా ఆ వంటకాల్లో కనిపించే ఒక్క వాక్యంతోనే: ‘ముక్కలకు ఉప్పు, పసుపు, కారం పట్టించి ఓవెన్‌ను తక్కువ వేడిలో పెట్టి నాలుగైదు గంటలు ఎండనివ్వాలి.’ తక్కువ అంటే ఎంత? ముక్క మందం ఎంత? ఎండిందని ఎట్లా తెలుస్తుంది? దోసకాయ వరుగులకైతే ఈ మాత్రం చెబితే చాలు. పచ్చి మాంసానికి చాలదు. ఇకమీదట ఈ వంటకం వేసినప్పుడు డిగ్రీలు, గ్రాములు, మిల్లీమీటర్లు కూడా అచ్చు వేయమని మా విన్నపం. ఆ అంకెలేమిటో, ఎందుకో కింద రాస్తున్నాం.

ముందు అసలు చిక్కు. ఓవెన్‌లో గాలి 60 డిగ్రీల సెల్సియస్ ఉంటే లోపలున్న తడి మాంసం కూడా 60 డిగ్రీలకు చేరిందనుకుంటాం. చేరదు. మట్టికుండలో నీళ్లు ఎండాకాలంలో చల్లగా ఎందుకుంటాయో అందరికీ తెలుసు. కుండ గోడల్లోంచి ఊరిన తడి ఆవిరవుతూ వేడిని లాక్కుపోతుంది. ఓవెన్‌లో మాంసం ముక్కకు జరిగేదీ అదే. తడి ఆరుతున్నంతసేపూ ముక్క తనను తాను చల్లబరుచుకుంటూ, చుట్టూ ఉన్న గాలికంటే చాలా తక్కువ వేడి మీదే ఉంటుంది. సూక్ష్మజీవులు చచ్చిపోకపోగా, మెల్లగా ఎండే ముక్కతోపాటు అవీ ఎండుతూ వేడికి ఓర్చుకోవడం నేర్చుకుంటాయి. ముక్క పూర్తిగా ఎండి చివరికి 60కి చేరేసరికి ఆ వేడి వాటినేమీ చేయలేదు. తడిగా ఉన్నప్పుడు 71 డిగ్రీల దగ్గర చచ్చే సాల్మొనెల్లా, ఈ.కోలై లాంటివి, ఎండిన తర్వాత అంతకంటే ఎక్కువ వేడికీ తట్టుకుంటాయి.

ఇది కేవలం పుస్తకాల్లో మాట కాదు. 1995లో అమెరికాలోని ఆరెగాన్ రాష్ట్రంలో, జింక మాంసాన్ని ఇంట్లోనే సుమారు 52 నుంచి 57 డిగ్రీల వేడిలో 12 గంటలకు పైగా ఎండబెట్టి చేసిన జెర్కీ వల్ల 11 మందికి ఈ.కోలై ఓ157 సోకింది. ఎండబెట్టడంలో కొరతేమీ లేదు, కొరతంతా వేడిలోనే. అందుకే అమెరికా వ్యవసాయ శాఖ చెప్పే వరస ఇలా ఉంటుంది: ముందు మాంసాన్ని లోపలిదాకా 71 డిగ్రీలకు, కోడి మాంసమైతే 74 డిగ్రీలకు వేడి చేయాలి, ఎండబెట్టడం ఆ తర్వాతే. ముందు ఎండబెట్టి తర్వాత వేడి చేయడానికీ, ముందు వేడి చేసి తర్వాత ఎండబెట్టడానికీ చాలా తేడా ఉంది.

ఇక్కడ రెండు అభ్యంతరాలు తప్పకుండా వస్తాయి. మొదటిది, పెద్దలు పచ్చి ముక్కనే దండేనికి గుచ్చి ఎండేయలేదా అని. వేశారు. నడి వేసవిలో, 42 డిగ్రీల ఎండలో, వడగాడ్పులో, కాగితమంత పలచగా చీల్చి, ఉప్పు గట్టిగా పట్టించి వేశారు. చాలా ఇళ్లల్లో ఉప్పు, పసుపుతో ఒక పొంగు రానిచ్చాకే ఆరేసేవాళ్లు. ఆ పొంగే ఆ పద్ధతికి ప్రాణం. ఇప్పటి వంటకాల్లో ముందుగా మాయమవుతున్నది కూడా అదే. రెండో అభ్యంతరం, ఎలాగూ కూర వండేటప్పుడు కుక్కర్లో నాలుగు కూతలు వేయిస్తాం కదా, ఏముంటే ఏమవుతుంది అని. సూక్ష్మజీవులైతే కుక్కర్లో చస్తాయి. కానీ స్టెఫిలోకాకస్ అనే రకం, మాంసం గోరువెచ్చగా, తడితడిగా గంటల తరబడి ఉన్నప్పుడు ఒక విషాన్ని వదులుతుంది. ఆ విషం ఉడికినా విరగదు. ముక్క సగం ఎండి సగం తడిగా వెచ్చటి చోట ఉండిపోతే కుక్కర్ కాపాడదు. పసుపు పట్టించాం కదా అనీ అంటారు. పసుపు రంగుకు, రుచికి. మాంసం నిలవకు అది చేసేది బహు స్వల్పం.

ఇక పని. ఎముక లేని తొడ మాంసం తీసుకోవాలి. మేకదైతే మరీ మంచిది. గొర్రె మాంసంలో కొవ్వు ఎక్కువ, అది కండ నడుమకు కూడా పాకి ఉంటుంది. కొవ్వు ఎండదు, కరిగి ముక్క మీద పొరకట్టి లోపలి తడిని బయటికి పోనివ్వదు. ఆపైన కొన్నాళ్లకే కనరు వాసన వేస్తుంది. కనబడిన కొవ్వునల్లా, తెల్లటి పొరనల్లా కత్తితో తీసేయాలి. పెద్దకూర వండుకునే ఇళ్లల్లో దున్న మాంసం ఈ పనికి చాలా అనువైనది, కొవ్వు తక్కువ, కండ నిలువుగా చీలుతుంది. కొట్టతను ‘ఖీమా చేయనా, ముక్కలు కొట్టనా’ అని అడుగుతాడు. రెండూ వద్దు, గడ్డగా ఇవ్వమనాలి. ఖీమాతో జెర్కీ చేయడం ఇంట్లో పెట్టుకోవద్దు, మిషన్లో పై భాగం లోపలికి కలిసిపోతుంది కాబట్టి సూక్ష్మజీవులు ముక్కంతా పరచుకుంటాయి.

మాంసం గడ్డను తెచ్చి కడిగి, గుడ్డతో తుడిచి, డీప్‌ఫ్రీజర్లో ముప్పావు గంట నుంచి గంటదాకా పెట్టాలి. గట్టి పడుతుంది గానీ రాయి కాదు. అప్పుడు కత్తి జారదు, ముక్కలన్నీ ఒకే మందంలో వస్తాయి. మందం 5 మిల్లీమీటర్లు, గరిష్ఠం 6. ఇది నిర్లక్ష్యం చేయదగ్గ అంకె కాదు. ఒక ముక్క 4, పక్కది 9 ఉంటే మొదటిది పెళుసెక్కేసరికి రెండోది లోపల పచ్చిగానే ఉంటుంది. రెంటినీ ఒకే సీసాలో వేస్తే తడిది పొడిదాన్ని కూడా పాడుచేస్తుంది. నార పోయే దారికి అడ్డంగా కోస్తే నమిలినప్పుడు సులువుగా విరుగుతుంది, నార వెంట నిలువుగా చీల్చితే సాగుతుంది, ఎక్కువసేపు నమలాలి. కూరలో వేసే ఒట్టి తునకలకు నిలువుగా చీల్చడమే వాడుక, ఎందుకంటే ఉడికాక పీచులు పీచులుగా విడిపోతుంది. వండకుండా నేరుగా నోట్లో వేసుకునే జెర్కీకైతే అడ్డంగా కోయడమే మేలు.

కొలతలు కిలో మాంసానికి చెబుతున్నాం. ఉప్పు 20 గ్రాములు. చెంచాతో కొలవకండి, మెత్తనుప్పు, కల్లుప్పు ఒకే చెంచాలో ఒకే బరువు తూగవు. కారం 12 గ్రాములు, పసుపు 3, అల్లం వెల్లుల్లి ముద్ద 20. నూనె ఒక్క చుక్క కూడా వద్దు, అది తడి పోవడాన్ని అడ్డుకుంటుంది, తొందరగా కనరెక్కుతుంది. పట్టించిన ముక్క రుచి చూస్తే (వేయించి చూడాలి, పచ్చిది కాదు) ఉప్పు కాస్త తక్కువే అనిపించాలి. కిలో మాంసం ఎండి 350 గ్రాములకు దిగేసరికి అదే 20 గ్రాముల ఉప్పు, బరువులో దాదాపు 6 శాతమవుతుంది. 2 శాతం దగ్గర సరిపోయిన నాలుకకు 6 శాతం ఉప్పు చేదుగా తగులుతుంది. ఇక్కడే చాలామంది ఉప్పు 40 గ్రాములు వేసి, తర్వాత ముక్క తినలేక పారేస్తారు. పట్టించిన ముక్కల్ని ఫ్రిజ్‌లోనే, మూత పెట్టి, 4 నుంచి 12 గంటలు ఉంచాలి. వంటింటి గట్టు మీద కాదు.

ఆ తర్వాత వెడల్పాటి మూకుట్లో ముక్కలన్నీ వేసి, నీళ్లేమీ పోయకుండా మూతపెట్టి, మధ్య మంట మీద ఉంచితే మూడు నాలుగు నిమిషాలకు మాంసంలోంచి నీరు ఊరి సలసల మరుగుతుంది. అది మరగడం మొదలయ్యాక అయిదు నిమిషాలు. ముక్కల్ని రెండుసార్లు తిప్పాలి. మరిగే నీరు 100 డిగ్రీల దగ్గర ఉంటుంది కాబట్టి 5 మిల్లీమీటర్ల ముక్క లోపలి దాకా 71 దాటడానికి ఈ సమయం చాలు. అయినా నమ్మకంతో సరిపెట్టకుండా, సూది థర్మామీటర్ ఉంటే రెండు మూడు ముక్కల్ని బయటికి తీసి సూది చుట్టూ గట్టిగా చుట్టి చూడండి. పలచటి ముక్కకు సూది అడ్డంగా గుచ్చితే మరో వైపు బయటికి వచ్చేస్తుంది, అంకె నిజం చెప్పదు. థర్మామీటర్ బాగుందో లేదో కూడా మరిగే నీటిలో ముంచి తేల్చుకోవచ్చు. సముద్రతీరపు ఊళ్లల్లో 100 చూపాలి, సముద్రమట్టానికి దాదాపు 540 మీటర్ల ఎత్తున ఉన్న హైదరాబాద్‌లో 98 చూపితే అది సరైనదే. తర్వాత మూత తీసి, ఊరిన నీరు ఇగిరేదాకా మంట మీద తిప్పుతూ ఉంటే మసాలా, ఉప్పు మళ్లీ ముక్కకే పట్టుకుంటాయి. నీరు పారబోస్తే రుచి కూడా పారబోసినట్టే. అలాగని మెత్తగా ఉడకనివ్వకండి. మెత్తబడితే ఎండే దశలో పొడిపొడిగా రాలిపోతుంది.

ఇప్పుడు ఓవెన్. చాలా ఓటీజీల మర మీద అంకెలు 100 దగ్గరే మొదలవుతాయి. అమెరికాలో ఉన్న మన బంధువుల ఇళ్లల్లో పెద్ద ఓవెన్లలో సాధారణంగా కనిష్ఠం 170 ఫారెన్‌హీట్, అంటే 77 సెల్సియస్. మనకు కావాల్సిందేమో 60 నుంచి 65. అందుకని తలుపు పూర్తిగా మూయకుండా, చెక్క గరిటె కాడ అడ్డం పెట్టి, రెండు మూడు అంగుళాలు తెరిచి ఉంచాలి. దీనివల్ల వేడి తగ్గుతుంది, అంతకంటే ముఖ్యంగా తేమ బయటికి పోతుంది. తలుపు మూసి ఉంచితే అది ఎండబెట్టడం కాదు, ఆవిరి మీద ఉడకబెట్టడమే. కాసేపటికి అద్దం మీద చెమట పట్టడం చూస్తే విషయం అర్థమవుతుంది. లోపల కన్వెక్షన్ ఫ్యాన్ (వేడిగాలిని తిప్పేది) ఉంటే వేయండి. లేకపోతే తలుపు సందుకు పక్కగా ఓ టేబుల్ ఫ్యాన్ పెట్టి బయటికొచ్చే ఆవిరిని తోసేయండి, నేరుగా లోపలికి ఊదేట్టు కాదు. కింది కడ్డీ ఒక్కటే వెలిగించాలి, పై కడ్డీ వెలిగితే కారం, వెల్లుల్లి మాడి చేదెక్కుతాయి. మర మీది అంకెను నమ్మవద్దు. ఓవెన్‌లో నిలబెట్టే చిన్న థర్మామీటర్‌ను ముక్కల పక్కనే పెట్టి దాన్ని చూసి మర తిప్పుకోవాలి. మర మీది అంకెకూ లోపలి వేడికీ 15, 20 డిగ్రీల తేడా ఉన్నా ఆశ్చర్యపోనక్కర్లేదు. పిల్లలున్న ఇళ్లల్లో తెరిచిన తలుపు అద్దం గురించి జాగ్రత్త.

ముక్కల్ని పళ్లెంలో పరిస్తే కిందివైపు తడి పోదు. కమ్మీల జల్లి మీద ఒకదానికొకటి తగలకుండా పరచండి. ఇంకా మంచిది, ఒక్కో ముక్క చివర పళ్లపుల్ల గుచ్చి, పై జల్లి కమ్మీల సందుల్లోంచి కిందికి వేలాడదీయడం. అచ్చంగా దండెమే, చిన్నది. అడుగున రేకు పరిచిన పళ్లెం పెడితే కారేది అందులో పడుతుంది. 30 లీటర్ల ఓటీజీలో కిలోకు మించి పెట్టకండి. ఎక్కువ పెడితే లోపల గాలి ఆడక ఆవిరి తిరుగుతూనే ఉంటుంది, నాలుగు గంటల పని తొమ్మిది గంటలకు పాకుతుంది.

ఫ్యాన్ ఉంటే 4 నుంచి 6 గంటలు, లేకుంటే 6 నుంచి 8. గంట గంటకూ జల్లి తిప్పి పెట్టాలి, మూలల్లో వేడి ఒక్కలా ఉండదు. తొందరపడి మొదట్లోనే 100 డిగ్రీలకు పెంచితే పైన పెచ్చు కడుతుంది. చూపుకు ఎండినట్టే ఉంటుంది, గోటితో కొడితే టకటకమంటుంది, లోపలి తడి మాత్రం ఆ పెచ్చు కింద చిక్కుకుపోతుంది. సీసాలో పెట్టిన నాలుగో రోజున ఆ తడి పైకొచ్చి తెల్లటి బూజు కడుతుంది. ‘బాగా ఎండాక కూడా బూజు పట్టింది’ అనే ఫిర్యాదుల్లో ఎక్కువ భాగం ఇదే. మీ ఓవెన్ ఎంత తగ్గించినా 80 కంటే కిందికి దిగకపోతే తలుపు ఇంకాస్త తెరవండి. అప్పటికీ దిగకపోతే అరగంట నడిపి పావుగంట ఆపుతూ వెళ్లండి, కానీ ఓవెన్‌ను వదిలి పడుకోకండి. రాత్రి ఆపేసి పొద్దున మళ్లీ వెలిగిద్దాంలే అనుకోవడమే స్టెఫిలోకాకస్‌కు కావాల్సిన చోటు. కరెంటు పోయి రెండు గంటల్లో రాకపోతే, ముక్కల్ని తీసి ఫ్రిజ్‌లో పెట్టి, వచ్చాక కొనసాగించండి.

ఎండిందో లేదో గడియారం చెప్పదు. ఒక ముక్కను బయటికి తీసి పూర్తిగా చల్లారనివ్వండి. వేడిగా ఉన్నప్పుడు ఏ ముక్కయినా మెత్తగానే వంగుతుంది, అప్పుడు చూసి ‘ఇంకా కాలేదు’ అనుకుని బొగ్గు చేసుకునేవాళ్లున్నారు. చల్లారాక రెండు వేళ్ల మధ్య వంచితే, మడత దగ్గర పై పొర చిట్లి, తెల్లటి నార పోగులు కనబడాలి, ముక్క మాత్రం రెండుగా తెగకూడదు. నేరుగా తినే జెర్కీకి ఇది గురుతు. వంగి మళ్లీ లేచి నిలబడితే ఇంకా తడి ఉంది. నిలవ పెట్టి కూరల్లో వాడే ఒట్టి తునకలకైతే మరో అడుగు ముందుకెళ్లి, వంచగానే పుల్లలా ఫట్‌మని విరిగేదాకా ఎండనివ్వాలి. మన వానకాలపు గాలిలో తడి అంతుంటుంది మరి. విరిగిన చోట వేలితో గట్టిగా నొక్కండి. వేలికి తడి అంటకూడదు, నడిమధ్యలో ముదురు ఎరుపు మచ్చ కనబడకూడదు.

దీనికి తోడు తూకం. కిలో కొవ్వులేని మాంసంలో మూడొంతులు, అంటే సుమారు 750 గ్రాములు, నీళ్లే. మిగతా 250కి ఉప్పు, మసాలా కలిపితే 300కు దగ్గరవుతుంది. అందువల్ల కిలోకు 350 గ్రాములు మిగిలాయంటే తడి చాలామటుకు పోయినట్టు. 450 దగ్గర ఆగితే బరువులో మూడో వంతు నీళ్లతో ఆగినట్టే, ఫ్రిజ్ తప్పనిసరి. తక్కెడ ఇంట్లో ఉన్నవాళ్లు తునకల్ని చూపుతోనూ చేత్తోనూ తేల్చి సరిపెట్టుకోకుండా, తూచి కూడా చూడండి.

పచ్చి ముక్కల్నే ఎండబెట్టేసి, ఇది చదివాక కంగారుపడుతున్నవాళ్లకు ఒక దారి ఉంది. ఎండిన ముక్కల్ని జల్లి మీద ఒక్క వరసలో పరిచి, 135 డిగ్రీలకు ముందే వేడెక్కిన ఓవెన్‌లో, తలుపు మూసి, 10 నిమిషాలు ఉంచండి. అమెరికా వ్యవసాయ విస్తరణ సేవల వాళ్లు ఇంటి జెర్కీకి చెప్పే అదనపు జాగ్రత్త ఇదే. అయితే మెల్లగా ఎండే దశలో విషం ఊరిపోయి ఉంటే ఇది దాన్ని తొలగించదు. ఎండబెట్టేటప్పుడే వాసన తేడా చేసిన ముక్కల జోలికి వెళ్లకండి.

కోడి మాంసంలో సాల్మొనెల్లా ఉండే అవకాశం ఎక్కువ. దానికి 74 డిగ్రీల లెక్క, మరిగే సమయం ఏడు నిమిషాలు చేసుకోండి. రొమ్ము మాంసం వాడాలి, తొడ మాంసంలో కొవ్వు ఉంటుంది. పంది మాంసం ఇంట్లో ఇలా ఎండబెట్టడం మేం సిఫారసు చేయం. ఇంటర్నెట్ వంటకాల్లో కనబడే ‘క్యూరింగ్ సాల్ట్’ కోసం రసాయనాల కొట్టుకు వెళ్లి సోడియం నైట్రైట్ అసలే కొనకండి. క్యూరింగ్ సాల్ట్ అంటే మామూలు ఉప్పులో 6.25 శాతం నైట్రైట్ కలిపిన మిశ్రమం. కొట్లో దొరికే శుద్ధ నైట్రైట్ చూపుకు ఉప్పులాగే ఉంటుంది, పొరపాటున ఉప్పనుకుని కూరలో వేస్తే ప్రాణం మీదికి వస్తుంది. ముందు వేడి చేసి, 6 మిల్లీమీటర్లు మించకుండా కోసిన ముక్కకు దాని అవసరమే లేదు.

నిలవకు గాజు సీసా. ముక్కలు పూర్తిగా చల్లారాక, మూడొంతులే నింపి మూత పెట్టి, రెండు రోజులు కంటి ముందే ఉంచండి. రోజుకోసారి ఊపి, సీసా లోపలివైపు ఉదయం వెలుతురుకు పట్టి చూడండి. అద్దం మీద సన్నటి మంచు పొర లాంటిది, లేదా గింజంత చుక్కలు కనబడితే తడి మిగిలినట్టు. వెంటనే మళ్లీ ఓవెన్‌లో గంటసేపు ఎండించాలి. చుక్కలు నీళ్లవా, కొవ్వువా అన్నది వేలితో తేల్చుకోవచ్చు, కొవ్వు జిడ్డుగా జారుతుంది, అలాంటి ముక్కల్ని కాగితంతో ఒత్తి తుడిచి ముందుగా వాడేయాలి. బయట ఉంచితే రెండు వారాల్లోపు, ఫ్రిజ్‌లో నెల, రెండు నెలలు. ఫ్రీజర్లో ఇంకా నిలుస్తాయి. బూజు మచ్చ ఒక్క ముక్క మీద కనిపించినా సీసా అంతా పారేయడమే. మచ్చ గీరేసి వాడేవాళ్లుంటారు, మాంసంతో ఆ పని కుదరదు.

వండేటప్పుడు వేడినీళ్లలో అరగంట నానబెట్టి ఆ నీళ్లు వంపేస్తే ఉప్పు కొంత దిగుతుంది. కుక్కర్లో చింతచిగురుతోనో, దోసకాయతోనో, సొరకాయతోనో కలిపి నాలుగైదు కూతలు రానిచ్చి, రుచి చూసి, అప్పుడు మాత్రమే ఉప్పు వేయండి.

— ఇద్దరు పాఠకులు, వరంగల్